దొర వెనక నడక

బోథ్‌లో హనుమండ్లు నడిచొస్తుంటే కొత్తవాళ్లు కుంటివాడనుకునేవారు. నిజానికి అతని కాళ్లకు ఏ లోపమూ లేదు. జీపు బోల్తా పడి ఎడమకాలు దెబ్బతిన్న సమితి ప్రెసిడెంటు లింగారావు దొర వెనక గొడుగు పట్టుకుని ఇరవై ఏళ్లు నడిచాడు. దొర మీద ఎండ పడకూడదంటే ఆయన ఆగినచోట ఆగాలి, ఒరిగినప్పుడు ఒరగాలి. అలా ఆ ఒరుగుడు ఇతనికీ పట్టుకుంది. గొడుగు లేనప్పుడు కూడా కుడి పిడికిలి ఛాతీ ఎత్తున లేచే ఉండేది.

దొర పోయాక, సంవత్సరీకం నాడు చూపించడానికి కొడుకు సుదర్శన్‌రావు ఆదిలాబాద్ నుంచి వీడియో తీసేవాణ్ణి పిలిపించి చిన్న డాక్యుమెంటరీ తీయించాడు. తండ్రి ఫోటోలు బోలెడున్నాయి కానీ, ఆయన నడుస్తున్న బొమ్మ ఒక్కటీ లేదు. అందుకని హనుమండ్లుకు దొర ధోతి కట్టి, లాల్చీ తొడిగి, చేనుగట్టు మీద నడిపించి వెనక నుంచి తీశారు. చెప్పులు మాత్రం తొడుక్కోలేదు. "దొర చెప్పులల్ల నేను కాలెట్ల వెడ్త చిన్నదొరా?" అన్నాడు. కెమెరా మోకాళ్ల పైకి జరిగింది.

సంవత్సరీకం నాడు వాకిట్లో టీవీ పెట్టారు. తెర మీద ఆ నడక కనిపించగానే దొరసాని రాధాబాయి కొంగు నోటికి అడ్డం పెట్టుకుంది. అందరి వెనకా నేల మీద కూర్చున్న హనుమండ్లు లేచి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు. భార్య భూమవ్వ అతని ధోతి అంచు పట్టి లాగింది.

"గది నువ్వే గదా! కూసో జర."

"ఊకో," అన్నాడు తెర మీంచి చూపు తిప్పకుండానే. "దొర వోతుంటె కూసుంటరా?"