ముదిగుబ్బకు వచ్చిన మొరాకో ఫార్వర్డు

నిన్న గోరంట్ల నుంచి కదిరి వెళ్లే బస్సులో నా పక్క సీటు పెద్దాయన పంచె పైకి లాక్కుని మోకాలికి నొప్పుల తైలం రుద్దుకుంటున్నాడు. కిటికీలోంచి వేడిగాలి కొడుతుంటే ఆ ఘాటు ముక్కుకెక్కి నా కళ్లల్లో నీళ్లు తిరిగాయి. "ఏమప్పా, వాసన పడదా నీకు?" అని ఆయన సీసాకు మూత పెట్టబోయాడు. "రుద్దుకో పెద్దాయనా, నాకు అలవాటే" అన్నాను. నిజంగానే అలవాటు. ఇరవయ్యేళ్ల వయసులో, బెంగళూరులో ఒక రేకుల గదిలో, ఆ వాసన మధ్యే పడుకుని ఆ వాసన మధ్యే లేచేవాణ్ని. అక్కడ ఆ తైలం రుద్దుకునే మనిషి పేరు ఇద్రీస్. ఊరు మొరాకో దేశంలో ఎక్కడో. వృత్తి ఫుట్‌బాల్, అందులోనూ ముందు వరసలో నిలబడి గోల్ కొట్టడం. మా ముదిగుబ్బలో ఆయన్ని ఇద్రీసన్న అనేవాళ్లు. ఆయన ఆడిన క్లబ్బుల్లో కొన్ని ఇప్పుడు లేవు. ఉన్నవాటిలో ఆయన్ని ఎరిగినవాళ్లు ఉంటారనుకోను. అందుకే ఇది రాస్తున్నాను.

తొంభైల చివర్లో, అనంతపురంలో కాలేజీ జట్టుకు ఆడుతున్న నన్ను చూసి బెంగళూరు క్లబ్బొకటి పిలిపించింది. గొర్రెల వెంట తిరిగే ఇంట్లోంచి వెళ్లినవాణ్ని. నా సంచిలో రెండు జతల బట్టలు, అమ్మ కట్టిచ్చిన శెనక్కాయల మూట ఉన్నాయి. మైదానం వెనక గదిలో నాకొక మంచం చూపించారు. రెండో మంచం మీద గిరజాల జుట్టు మనిషి ఒకడు కాలు చాపుకుని మోకాలికి తైలం పట్టిస్తున్నాడు. "ఏ స్థానంలో ఆడతావు?" అని హిందీలో అడిగాడు. ఫార్వర్డునని చెప్పాను. ఆయన నవ్వి, "నేనూ అదే" అన్నాడు. మా జట్టు ఒక్క ఫార్వర్డుతోనే ఆడుతుందని నాకప్పటికి తెలియదు. ఆయనకు తెలుసు. తెలిసే, మంచం పక్కకు జరిపి నా సంచికి చోటిచ్చాడు. మొదట్లో మేం మాట్లాడుకున్నది అరకొర హిందీలో. తర్వాత ఆయనకు తెలుగు పట్టుబడింది, అదీ మా అమ్మ దగ్గర నేర్చుకున్న తెలుగు. అందుకే ఇప్పుడు ఆయన మాటలన్నీ నాకు మా సీమ యాసలోనే వినబడతాయి. అలాగే రాస్తాను.

ఆదివారం మధ్యాహ్నాలు గది ముందు మేజోళ్లు ఉతుక్కుంటూ తన కథ కొంచెం కొంచెంగా చెప్పేవాడు. వాళ్ల ఊరి చుట్టూ ఫాస్ఫేట్ గనులు. మిగతాదంతా రాళ్ల నేల, గొర్రెలు, రాని వాన. గని కార్మికుల జట్టులో మొదలుపెట్టి అక్కడి రెండో తరగతి లీగుకు వెళ్లాడు. అక్కడ బాగా ఆడితే పెద్ద లీగులో ఒక క్లబ్బు తీసుకుంది. ఒకే ఒక్క సీజన్. రేడియోలో వ్యాఖ్యాత తన పేరు పలికిన రోజున వాళ్లమ్మ రేడియోను ఎత్తుకుని వీధిలోకి పరిగెత్తిందని చెప్పి చాలాసేపు నవ్వాడు. ఆ తర్వాత కోచ్ మారాడు. కొత్త కోచ్ తనవాళ్లను తెచ్చుకున్నాడు. ఇద్రీసన్న మళ్లీ రెండో లీగుకు, అక్కడినుంచి మూడో లీగుకు జారాడు. గల్ఫులో ఆడిస్తానని ఒక ఏజెంటు విమానం ఎక్కించి గోవాలో దింపాడు. "దిగినాక సముద్రం చూసినాను. ఇదే దుబాయి అనుకున్నానప్పా" అనేవాడు. గోవాలో రెండు క్లబ్బులు మారి బెంగళూరు చేరేసరికి ముప్పై దాటాయి. మోకాలు అప్పటికే వాస్తోంది.

నాకు పరుగుంది, బుర్ర లేదు. బంతి ఎటు పోతే అటు పోయేవాణ్ని. ఒక పొద్దున ప్రాక్టీసులో ఇద్రీసన్న నన్ను చొక్కా పట్టి ఆపి, మా డిఫెండరు వెనక భుజం పక్కన నిలబెట్టాడు. "వాని కండ్లు చూడు. వాడు బంతినన్నా చూస్తాడు, నిన్నన్నా చూస్తాడు. రెండూ ఒకేసారి చూడల్యాడు. వాడు బంతిని చూసే గడియలో నువ్వు జరగల్ల" అన్నాడు. ఇంతేనా అనిపించింది. కానీ ఆ గడియ పట్టుకోవడానికి నాకు ఏడాది పట్టింది. ఆ ఏడాదంతా క్లబ్బు ప్రాక్టీసు అయిపోయాక ఆయన విడిగా నన్ను ఆడించాడు. తాను డిఫెండరుగా నిలబడి, వాచిన మోకాలితో, నేను జరిగిన ప్రతిసారీ తల తిప్పి "చూసినా, చూసినా" అని అరిచేవాడు. చివరికొక రోజు ఆయన అరవలేదు. నేను అప్పటికే ఆయన వెనకనుంచి వెళ్లి బంతిని వలలో వేశాను. ఆయన నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడి, "ఇంగ నీకు చెప్పేది ఏమీ ల్యా" అన్నాడు. ఆ గొంతులో సంతోషంతోపాటు ఇంకేదో ఉంది. అదేమిటో రెండు నెలల్లో తెలిసింది.

అంతకు ముందు వేసవి సంగతి చెప్పాలి. సీజన్ అయిపోతే విదేశీ ఆటగాళ్లు తమ దేశాలకు వెళ్తారు. ఈయన వెళ్లలేదు. ఎందుకని అడిగితే, "పోతే మళ్లీ రమ్మంటారో ల్యాదో" అన్నాడు. మా ఊరికి తీసుకొచ్చాను. కదిరిలో బస్సెక్కుతుంటే కండక్టరు ఆయన్ని చూసి, "సామీ, పుట్టపర్తికి పోయే బస్సు ఇది కాదు, దిగు దిగు" అని కంగారుపడ్డాడు. మా వైపు తెల్లతోలు మనిషి కనబడితే ఆశ్రమానికే అనుకోవడం మామూలు. ఇద్రీసన్న తాపీగా "ముదిగుబ్బ" అన్నాడు. "ముదిగుబ్బలో ఏముండాది సామీ?" అన్నాడు కండక్టరు.  అది వరసగా రెండో కరువు సంవత్సరం. శెనక్కాయ చేలు కాయ పట్టకముందే మాడిపోయి, ఊళ్లో సగం మంది బెంగళూరులో కూలికి పోయారు.

మా నాయన ఎవరితోనూ ఎక్కువ మాట్లాడడు. మొదటి రోజు ఆయన్ని కింది నుంచి పైదాకా చూసి మంద దగ్గరికి వెళ్లిపోయాడు. మర్నాడు ఇద్రీసన్న తనే వెనకాల నడిచాడు. కుంటుతున్న గొర్రెను ఒకదాన్ని ఒడుపుగా పట్టి వెల్లకిలా తిప్పి, గిట్టల మధ్య ఇరుక్కున్న ముల్లు తీశాడు. నోరు తెరిచి పళ్లు చూసి, దాని వయసెంతో వేళ్లతో చూపించాడు. సాయంత్రం నాయన ఇంటికొచ్చి కాళ్లు కడుక్కుంటూ, "ఓబులేసూ, వీడు ఆటగాడని చెప్తివి కదరా. వీడు మనోడు" అన్నాడు. ఆ తర్వాత రోజూ ఇద్దరూ కలిసే పోయేవాళ్లు. రాత్రి పడుకోబోయే ముందు నాయన చేతికర్ర ఎత్తి చూపించి, రేపు వస్తావా అన్నట్టు అడిగేవాడు. ఒకరి భాష ఒకరికి రాదు. గుట్ట మీద ఇద్దరు మనుషులు, చేతికర్రలు, మధ్యలో గొర్రెలు. ఎండిన నేలను చూపించి ఇద్రీసన్న ఏదో అంటాడు, నాయన ఆకాశం చూపించి ఏదో అంటాడు. ఆ ఏడు మేత లేక మందలో చాలా భాగం అమ్మేశాం. లారీ కదిలినప్పుడు నాయన ఇంట్లోకి వెళ్లిపోయాడు. ఇద్రీసన్న మాత్రం లారీ మలుపు తిరిగేదాకా రోడ్డు మీదే నిలబడ్డాడు. "మా నాయన కూడా ఇట్లనే ఇంట్లోకి పోయినాడు" అని నాతో అన్నాడు. 

కొత్త సీజన్ మొదలైన కొన్ని వారాలకు, ఒక మ్యాచ్ ముందు బట్టలు మార్చుకునే గదిలోకి మేనేజరు వచ్చాడు. చేతిలో ఫార్వర్డు తొడుక్కునే తొమ్మిదో నెంబరు జెర్సీ. ఇద్రీసన్న అలవాటుగా చెయ్యి చాపాడు. మేనేజరు ఆయన్ను దాటి వచ్చి దాన్ని నా ఒళ్లో పెట్టి బయటికి వెళ్లిపోయాడు.  చాపిన చెయ్యిని ఇద్రీసన్న మెల్లగా వెనక్కి తీసుకుని, ఆ చేత్తోనే మోకాలికి పట్టీ చుట్టుకోవడం మొదలుపెట్టాడు. నేను జెర్సీ వేసుకోలేక కూర్చుంటే, "తొడుక్కో. టైమవతాండాది" అన్నాడు.

"నాకు తెలీదన్నా" అన్నాను.

"నాకు తెలుసప్పా. ఈ మోకాలితో ఈ ఏడు గడిచేది కాదని పోయినేడే తెలుసు. ఎవడో ఒకడు వస్తాడు. వచ్చేటోడు నాకు కావలసినోడు కావల్లని నిన్ను తయారు చేసుకున్నా."

ఆ మధ్యాహ్నం గోల్ కొట్టాను. ఆయన చెప్పినట్టే, డిఫెండరు కళ్లు బంతి మీదున్న గడియలో. బెంచీ వైపు తిరిగి చూస్తే అందరూ లేచి చప్పట్లు కొడుతున్నారు. ఆయన కూడా కొడుతున్నాడు. కానీ ఆయన ఒక్కడే లేవలేదు. లేవలేకపోయాడని, ఆ మధ్యాహ్నానికి మోకాలు పూర్తిగా బిగుసుకుపోయిందని తర్వాత తెలిసింది.

సీజన్ మధ్యలోనే క్లబ్బు ఆయన్ని పంపించేసింది. అక్కడినుంచి ఆయన ప్రయాణం కిందికే. కేరళలో ఏడుగురేసి ఆడే పోటీలు, గోవాలో చిన్న డివిజన్లు, తమిళనాడులో మిల్లు జట్లు. ఎక్కడా ఏడాది నిలవలేదు. మధ్యమధ్యలో దారి తప్పినవాడిలా మా ఊరొచ్చి నెలో రెండు నెలలో ఉండి వెళ్లేవాడు. నేను లేకపోయినా వచ్చేవాడు. అమ్మ సంగటి పెట్టేది, నాయన తన చేతికర్ర ఇచ్చేవాడు. ఊళ్లో పిల్లలకు శెనక్కాయలు పీకేసిన చేలో ఆట నేర్పేవాడు.

ఆయన ఆడగా నేను చివరిసారి చూసింది హోసూరు దగ్గర ఒక టోర్నమెంటులో. అవతలి జట్టులో ఆయన. నాకు చెప్పలేదు. జుట్టు సగం తెల్లబడింది. బంతి తన వైపు వచ్చినప్పుడల్లా అడుగు ఆలస్యం. జనంలోంచి ఎవరో "తాతా, ఇంటికి పో" అని అరిచారు, చుట్టూ నవ్వారు. ఆయన మాత్రం మా డిఫెండరు వెనక భుజం పక్కనే నిలబడి ఉన్నాడు. ఒక్కసారి, ఒకే ఒక్కసారి, సరైన గడియలో జరిగాడు. మైదానంలో ఎవరూ దాన్ని గమనించలేదు, ఆయన జట్టువాళ్లు కూడా. గమనించి పాస్ ఇచ్చుంటే గోలే. చేతులు చాపి అడిగిన మనిషి, బంతి ఇంకోవైపు పోవడం చూసి, చేతులు దించుకున్నాడు. ఆట అయ్యాక కౌగిలించుకుని, "నువ్వు చూసినావు కదా?" అన్నాడు. చూశానన్నాను. "అది చాలప్పా" అన్నాడు.

ఆ ఏడాదే ఆయన మొరాకో వెళ్లిపోయాడు. నేను కూడా ఆట మానేసి, గోరంట్ల దగ్గర ఒక బళ్లో వ్యాయామం మాస్టరుగా చేరాను. కొన్నాళ్లు ఫోన్లు వచ్చేవి. "బాగుండావా? నాయన బాగుండాడా? వాన పడిందా?" అదే వరసలో మూడు ప్రశ్నలు. తన సంగతి అడిగితే "బాగుండా, పిల్లోళ్లను ఆడిస్తాండా" అనేవాడు. తర్వాత ఫోన్లు ఆగిపోయాయి.

ఒక రోజు బళ్లో ఉండగా ఎవరో ఆడమనిషి ఫోను చేసింది. ఆమె మాట్లాడినదాంట్లో నాకు అర్థమైంది ఇద్రీస్ అన్న పేరొక్కటే. ఊరి మసీదులో నమాజు చదివించే హజ్రత్‌కు అరబ్బీ వచ్చని గుర్తొచ్చి, ఫోను మీద కనబడిన ఆమె నెంబరు రాసుకుని ఆయన దగ్గరికి పరిగెత్తాను. ఇద్దరం ఐఎస్‌డీ బూతులోకి వెళ్లి మళ్లీ ఆ నెంబరుకు చేశాం. హజ్రత్‌ది గ్రంథాల్లో చదువుకున్న అరబ్బీ, ఆమెది ఇంట్లో మాట్లాడే అరబ్బీ. ఒక్కో మాటా రెండు మూడుసార్లు అడిగి చెప్పించుకుంటున్నాడు. అంతలో ఆయన కళ్లు మూసుకుని "ఇన్నా లిల్లాహి" అన్నాడు. ముస్లిముల ఇళ్ల మధ్య పెరిగినవాణ్ని. చావు కబురు విన్నప్పుడు ఆ మాట అంటారని నాకు ఎవరూ చెప్పనక్కర్లేదు.

"మాట్లాడతాండేది వాళ్ల చెల్లెలప్పా. మీవాడికి కడుపులో జబ్బంట. శానా దినాల నుంచి ఉండాదంట" అన్నాడు హజ్రత్. అంటే నాతో బాగున్నానని చెప్పిన రోజుల్లో కూడా ఉంది. నేను బూతు గోడకు ఆనుకుని నిలబడ్డాను. ఆయన ఇంకా వింటూనే ఉన్నాడు. "ఇంగొకటి అడగతాండాది. మీవాడు పిల్లోళ్లకు ఆట నేర్పేటప్పుడు ఏదో మాట అరుస్తాండెనంట. అది ఏ భాషో ఆడ ఎవురికీ తెల్దంట. ఇప్పుడు ఆ పిల్లోళ్లు కూడా అదే అరుస్తాండారంట. దానర్థం ఏందని అడగతాండాది."

"ఏ మాట?"

హజ్రత్ మళ్లీ అడిగి, చెవి ఒత్తుకుని విన్నాడు. "నిమ్మళం. నిమ్మళం అంటాండాది."

అది మా అమ్మ మాట. మా ఇంట్లో ఇద్రీసన్న కుంటుకుంటూ గడప దాటుతున్నప్పుడల్లా, వేడి సంగటి ముద్ద గబుక్కున నోట్లో పెట్టుకోబోయినప్పుడల్లా, "నిమ్మళంగా నాయనా, నిమ్మళం" అనేది. హజ్రత్‌కు చెప్పాను. ఆయన అరబ్బీలో దానికి సరిపోయే మాట వెతుక్కుని, ఫోనులో "సుకూన్" అన్నాడు.  అవతల ఆమె ఏడుపు నాకు కూడా వినబడింది. లైను తెగిపోయింది. మళ్లీ ఎన్నిసార్లు చేసినా ఎవరూ ఎత్తలేదు.

బళ్లో నా పనిలో అన్నిటికన్నా కష్టమైనది, పోటీలకు ఎంపికైన పిల్లల పేర్లు చదవడం. పోయిన చలికాలం అలా చదివాక, ఎంపిక కాని ఒక పిల్ల గోల్‌పోస్టు వెనక్కి పోయి బూట్లు విప్పుకుంటూ కూర్చుంది. వెళ్లి పక్కన కూర్చున్నాను. తల ఎత్తకుండా, "నేనింగ పనికి రాను కదా సార్?" అంది. ఓదార్చే మాటలు నాకు చేతకావు. "రేపు ఎన్ని గంటలకొస్తావు?" అని అడిగాను. అర్థం కానట్టు చూసింది. మళ్లీ అడిగాను. మోచేత్తో ముఖం తుడుచుకుని, "ఆరుకొస్తా సార్" అంది.

ఆ పిల్ల వెళ్లిపోయాక కూడా నేను అక్కడే కూర్చున్నాను. రేపు గొర్రెలెంబడి వస్తావా అని మా నాయన ఇద్రీసన్నను రోజూ అడిగేవాడు. అన్ని దేశాల్లో, అన్ని క్లబ్బుల్లో, రేపు ఎప్పుడొస్తావని ఇంకెవరైనా ఒక్కరు ఆయన్ని అడిగి ఉంటారా?