వంకర ముక్కు పేరు

కెనడాలోని హాలిఫాక్స్‌లో ఏ బస్సు ఎక్కినా మన కుర్రాళ్ల బ్యాక్‌ప్యాక్‌లే కనిపించే రోజులవి. అద్దెగది కన్నా అడ్మిషన్ తేలిగ్గా దొరికేది. మా అదృష్టం బాగుండి ఒక పెద్దావిడ తన బేస్‌మెంట్ నాకూ మా రూమ్మేట్‌కీ ఇచ్చింది. నేను ఆవిణ్ణి ఆంటీ అనేవాణ్ణి. ఆ పిలుపు ఎంత నచ్చిందో గాని, పై నుంచి మాకు రోజూ బిస్కెట్లు దిగేవి.

ఆవిడ కూతురు నిండు గర్భిణి. అంతకుముందు ఒక బిడ్డ కడుపులోనే పోయిందని ఆంటీ చెప్పింది. అందుకే ఈసారి పేరు తమ పాత స్కాటిష్, ఐరిష్ మూలాలదే కావాలని, అర్థంలో అపశకునం నీడ కూడా ఉండకూడదని ఆ అమ్మాయి పట్టు. మా ఇళ్లలో అర్థం చూడకుండా పేరు పెట్టరని నేను ఓసారి కోతలు కోశాను. దాంతో పురోహితుడి పని నా నెత్తిన పడింది.

ఆదివారం మధ్యాహ్నాలు వాళ్ల వంటింట్లో టీ, లైబ్రరీ నుంచి తెచ్చిన పేర్ల పుస్తకం, నా ఫోను. కీరన్ అంటే నల్లని బుజ్జివాడు. తల్లిదండ్రులిద్దరికీ ఎర్రజుట్టే, కుదరదన్నాను. రోనన్ అంటే బుజ్జి సీల్, సముద్రపు జంతువు. ఫెర్రీలో వెళ్తూ దాని మీసాలు చూసినవాణ్ణి, నవ్వాగలేదు. కెవిన్ అంటే అందంగా పుట్టినవాడు. బాగుంది కదా అంటే, ఆ పేరుగలవాడు స్కూల్లో ఆ అమ్మాయి జడ లాగేవాడట. వాడి పుణ్యమా అని ఒక మంచి పేరు పోయింది.

అప్పుడు ఆంటీ నెమ్మదిగా కూతురితో, "మీ నాన్న పేరు పెడితే?" అంది. ఆయన పోయి ఏడాది కూడా కాలేదు. ఆ ఇంటివాళ్ల పేర్లు రాయను గాని, అర్థం రాస్తాను. ముందూ వెనకా చూసుకోకుండా పైకే చదివేశాను: వంకర ముక్కు.

"నా బిడ్డకి వంకర అనే మాటే వద్దమ్మా" అంది కూతురు. ఆంటీ నిండిన కప్పులోనే మళ్లీ టీ పోసింది. గోడ మీద ఫొటోలో ఆయన నవ్వుతున్నాడు, ముక్కు నిజంగానే వంకర. నాకు ఎక్కడైనా దాక్కోవాలనిపించింది.

కిందికి వస్తే మా వరంగల్ రూమ్మేట్ అందుకున్నాడు. "నీకెందుకురా వాళ్లింటి పంచాయితీ? ఖాళీ చెయ్యమంటే ఈ చలిల యాడికి పోతం? పో, మంచిగ సారీ చెప్పిరా."

సారీ చెబుదామని వెళ్లి మా తాత కథ చెప్పాను. ఆయనకంటే ముందు పుట్టిన పిల్లలెవరూ దక్కలేదు. అందుకని ఆయన్ని పుట్టగానే చేటలో పెట్టి పెంటకుప్ప మీద ఉంచారు. వీడెవరికీ అక్కర్లేదు కాబోలని మృత్యువు మోసపోవాలి. పేరు కూడా ఆ కుప్పదే పెట్టారు. తెలుగువాళ్లకి ఆ పేరు విడిగా చెప్పక్కర్లేదు.

కూతురు నవ్వలేదు. కడుపు మీద చెయ్యి వేసుకుని, "పనిచేసిందా?" అంది.

"మీ బిస్కెట్లన్నీ తింటున్నది ఆయన మనవడే కదా" అన్నాను.

ఆమె ఫొటో వైపు చాలాసేపు చూసింది. "సరే, నాన్న పేరే" అంది. ఆంటీ నా చెయ్యి పట్టుకుని వదల్లేదు. నాకూ కళ్లు తడిశాయి, చెప్పుకోవడానికి సిగ్గేమీ లేదు.

పిల్లాడు పుట్టాక చూడ్డానికి వెళ్లాను. గుండ్రటి మొహం, బొత్తాం లాంటి ముక్కు, ఎటునుంచి చూసినా వంకర లేదు. ఆ మాటే ఆంటీతో అన్నాను.

"వాళ్ల తాతకీ పుట్టినప్పుడు తిన్నగానే ఉండేదట. వీణ్ణీ ఐస్ హాకీ మొదలుపెట్టనీ" అంది.