పచ్చ ట్యాంకులు నీలమైన రోజు

1987లో మేము మహబూబాబాద్‌లో, స్టేషన్ నుంచి అంగడికి పోయే దారిలో, వీడియో గేముల దుకాణం నడిపేవాళ్లం. ఆ ఊరిని మా వైపు అందరూ మానుకోట అనే అంటారు. మా ఆయన రేడియోలు, టీవీలు బాగుచేసే మెకానిక్. ముందు గది ఆయన రిపేర్లకు, వెనక గది గేముకు. ఆ వెనక గది నాది. నా చదువు నాలుగో తరగతితోనే ఆగింది. అరవై తొమ్మిది తెలంగాణ ఉద్యమంలో బడులు మూతపడ్డాయి. మళ్లీ తెరిచేసరికి నేను అమ్మ వెంట కలుపుకు పోవడం మొదలుపెట్టాను, ఇక నన్ను ఎవరూ తిరిగి పంపలేదు. కానీ ఒక్కసారి చూసింది నా తలలోంచి పోదు. మా ఆయన ఏ వైరు ఎక్కడ పెట్టాడో ఆయన మరిచిపోయినా నేను చెప్పేదాన్ని.

మా దగ్గర ఉన్నది ఒక్కటే మెషిన్. బీరువా అంత చెక్క పెట్టె, దానికి ముందువైపు ఒక టీవీ. దాన్ని మానిటర్ అనాలి. కింద రెండు జాయ్‌స్టిక్‌లు, అంటే ట్యాంకును అటూ ఇటూ తిప్పే కడ్డీలు. ఒక్కో కడ్డీ పక్కన ఒక ఎర్ర గుండీ, అది నొక్కితే గుండు పేలుతుంది. ఆట యుద్ధం. నల్లటి నేల మీద పచ్చటి పొదలు, మధ్యలో నీలం కాలువ. ఎడమ నుంచి నాలుగు ఎర్ర ట్యాంకులు, కుడి నుంచి నాలుగు పచ్చ ట్యాంకులు వస్తాయి. ఒక్కొక్కరు తన నాలుగింటిలో ఒకదాన్ని నడపాలి, మిగతా మూడు వాటంతట అవే తిరుగుతాయి. ఎదుటివాళ్లవి కాల్చాలి. పొరపాటున మనదాన్ని మనమే కాలిస్తే అది పోయినట్టే.

మిరపకాయ అమ్మకానికి వచ్చే రోజుల్లో మా గది నిండిపోయేది. కాయ కాంటా అయ్యేదాకా, అంటే తూకం పడేదాకా, ఖాళీగా ఉన్నవాళ్లంతా మా దగ్గరే ఉండేవాళ్లు. అట్లా వచ్చినవాడే యాకయ్య. గూడూరు అవతల అడవి అంచున ఒక ఊళ్లో ఇల్లరికం అల్లుడు. పాతికేళ్లుంటాయి, మాట తక్కువ. వెంట అతని షడ్డకుడు వీరస్వామి, అంటే ఆ ఇంటి పెద్దల్లుడు. ఆయనకు మాట తప్ప ఇంకేం లేదు.

ఇద్దరూ ఆడారు. యాకయ్య వరుసగా తన ట్యాంకులనే కాల్చుకున్నాడు. గదిలో ఉన్నవాళ్లు విరగబడి నవ్వారు. వీరస్వామి అందరికీ వినబడేలా అన్నాడు:

"చేన్ల పచ్చికాయ తెంపుతడు, గీడ సొంత ట్యాంకు పేలుస్తడు. మా మామకు దొరికిన బంగారం గిదే."

తర్వాత ఆయనే అందరికీ విడమరిచి చెప్పాడు. మూడేళ్లుగా యాకయ్య తెంపిన గంపలో పండు కాయతో పాటు పచ్చి కాయ పడుతోందట. పచ్చి కాయ కళ్లంలో ఎండితే తెల్లబడి తాలు అవుతుంది. తాలు కనబడితే కొనేవాడు బస్తా మొత్తాన్ని పక్కకు నెడతాడు. ఇల్లరికం వచ్చినందుకు మనసులో కోపం పెట్టుకొని కావాలనే చేస్తున్నాడని మామ నమ్మాడు. ఈ కాపులో కూడా తాలు కనిపిస్తే పెట్టె సర్దుకొని సొంతూరికి పొమ్మన్నాడు. యాకయ్య ఇదంతా తల దించుకొని విన్నాడు.

నాలుగు రోజులకు ఒక్కడే వచ్చాడు, మధ్యాహ్నం, గది ఖాళీగా ఉన్న వేళ. మళ్లీ వచ్చాడు. మళ్లీ వచ్చాడు. కాయ తెచ్చిన ప్రతిసారీ వచ్చి, రెండో కడ్డీ మెషిన్‌కే వదిలి ఒక్కడే ఆడేవాడు, ఓడిపోయేవాడు. నా గిరాకీయే కదా, నాకేం అనుకోవచ్చు. కానీ ఒకే మనిషి అంత పట్టుదలగా ఓడిపోతుంటే చూస్తూ ఊరుకోలేకపోయాను. చూపు తక్కువేమోనని దగ్గరికి జరిగి నిలబడమన్నాను. మానిటర్ వెనక ఉండే చిన్న మరలు తిప్పి రంగులు ఇంకా దట్టం చేశాను. ఎర్రది నిప్పులా, పచ్చది చిలుక రెక్కలా అయింది. అయినా అతను ఓడాడు.

అప్పుడు చేతులను చూడడం మానేసి ఆట మొత్తం చూశాను. మొదట్లో, ట్యాంకులు ఎడమన నాలుగు, కుడిన నాలుగు విడివిడిగా ఉన్నంతసేపు ఒక్క గుండు కూడా తప్పేవాడు కాదు. అవి కాలువ దాటి మధ్యలో కలిసిపోతే మాత్రం తడబడేవాడు. ఆట మధ్యలోనే మెషిన్ దగ్గరికి పోయి అడిగాను.

"యాకయ్యా, గిండ్ల నీయి ఏవి? వేలు పెట్టి చూపియ్యి."

మూడింటిని చూపించాడు. అందులో ఒకటి అవతలివాళ్లది.

"నీయి ఏం రంగు?"

"పచ్చయి అన్నరు గదక్క."

"అన్నరు గాదు. నీకేం కనవడుతాంది?"

కడ్డీ తిప్పడం ఆపేశాడు. ట్యాంకులన్నీ పేలిపోయి ఆట అయిపోయింది. అప్పుడు చెప్పాడు.

"అందరు గిది ఎర్రగుందంటరు, గది పచ్చగుందంటరు. నేను గుడ గట్లనే అంటాన. నాకు రెండు ఒక్కతీరే ఉంటయక్క."

మరి మిరపకాయ ఎట్లా తెంపుతావని అడిగాను. ముట్టుకొని చూసి తెంపుతాడట, పండిన కాయ కొంచెం మెత్తగా ఉంటుందట. కానీ పక్క సాలులో ఆడవాళ్లు చకచకా పోతుంటే వాళ్లతో సమానంగా ఉరకాలి, అప్పుడు చేతికి ఏది తగిలితే అది. నీలం సంగతేమిటంటే, అది మాత్రం బాగా తెలుస్తుందన్నాడు. బయట నా సైకిల్ సీటు కవర్ నీలంది, చూడకుండానే దాని రంగు చెప్పాడు. వచ్చేటప్పుడే చూశాడట.

అక్కడ నాకు పాత సంగతి ఒకటి గుర్తొచ్చింది. మెషిన్ కొత్తగా బిగించిన రోజు మా ఆయన ఒక పొరపాటు చేశాడు. గేము బోర్డు నుంచి మానిటర్‌కు రంగుల కోసం మూడు వైర్లు వస్తాయి. ఒకటి ఎరుపుకు, ఒకటి పచ్చకు, ఒకటి నీలానికి. ఈ మూడే కలిసి తెర మీద అన్ని రంగులూ చేస్తాయి. ఆయన రెండింటిని తారుమారుగా పెట్టేసరికి వింత రంగులు వచ్చాయి, నవ్వుకుంటూ సరిచేశాడు. అప్పుడు తప్పు అనుకున్నదే ఇప్పుడు మందు అవుతుందేమో అనిపించింది.

ఆ రోజు మా ఆయన సామాన్ల కోసం హనుమకొండ పోయాడు. మెయిన్ ఆపి, ప్లగ్గు పీకి, కాసేపు ఆగాను. పిక్చర్ ట్యూబులో కరెంటు ఆపిన తర్వాత కూడా కొంత ఉండిపోతుంది, దాని మెడ దగ్గరికి చెయ్యి పోనివ్వకూడదు. వైర్ల కొసలు దానికి దూరంగానే ఉంటాయి కాబట్టి ధైర్యం చేశాను. కానీ మొదటిసారి తొందరలో ఎరుపు వైరునూ పచ్చ వైరునూ మార్చాను. తెర వెలిగింది. ఎర్రవి పచ్చవయ్యాయి, పచ్చవి ఎర్రవయ్యాయి. నేను సంబరంగా అతని ముఖం చూశాను.

"ఏం మారిందక్క?" అన్నాడు పాపం.

నన్ను నేనే తిట్టుకొని మళ్లీ ఆపాను. ఈసారి ఎరుపును దాని చోట పెట్టి, పచ్చనూ నీలాన్నీ మార్చాను. తెర వెలిగితే నాకే నవ్వొచ్చింది. పొదలన్నీ నీలం. కాలువ నీళ్లు నాచు పట్టినంత పచ్చన. స్కోరు చూపే పసుపు అంకెలు గులాబీ రంగుకు తిరిగాయి. కుడి నుంచి నాలుగు నీలం ట్యాంకులు దిగాయి.

యాకయ్య నవ్వలేదు. కడ్డీ కూడా ముట్టలేదు. ట్యాంకులు వాటంతట అవే కలిసిపోయేదాకా చూస్తూ నిలబడి, మెల్లగా వేలితో ఒకటి, రెండు, మూడు, నాలుగు అని లెక్కపెట్టాడు. నాలుగూ అతనివే.

"అక్కా, మీకు రోజు గిట్లనే కనవడుతదా?"

కడ్డీ వైపు వేలు చూపించి ఆడమన్నాను.

తర్వాత జరిగింది చూడాలి. పదిహేను రోజులుగా అతను రంగుతో కాదు, గుర్తుతో ఆడాడు. ఏ ట్యాంకు ఏ పొద వెనక తిరుగుతుందో, ఎన్ని అడుగులకు మళ్లుతుందో అంతా మనసులో పెట్టుకున్నాడు. ఇప్పుడు దానికి కళ్లు కూడా తోడయ్యాయి. మూడో ఆటకు మా మెషిన్‌లో అప్పటిదాకా ఉన్న పెద్ద స్కోరు దాటేశాడు. నేను ముందు గదిలో గిరాకీ వచ్చినా పోలేదు.

మా ఆయన తిరిగొచ్చి తెర చూసి, "ఏందే గిది, అడవికి నీలిమందు కొట్టిచ్చినవా?" అన్నాడు. సంగతి చెప్పాను. గిరాకీ పోతుందని గొణిగాడు గానీ వారం దాకా చూద్దామన్నాడు. ఆ వారంలో కొత్త గేము వచ్చిందన్న మాట గూడూరు దాకా పాకి జనం రెండింతలయ్యారు. ఇక ఆయన గొణగడం మానేశాడు.

మళ్లీ కాయ తెచ్చిన రోజు వీరస్వామి, వెంట మామ మల్లయ్య వచ్చారు. మల్లయ్యకు ఆట సంగతి తెలియదు, అల్లుడు పైసలు ఎక్కడ తగలేస్తున్నాడో చూద్దామని వచ్చాడు. వీరస్వామి ఎడమ కడ్డీ పట్టుకొని, యాకయ్యను కుడివైపు రమ్మన్నాడు. మొదటి ఆట యాకయ్య గెలిచాడు. రెండోది గెలిచాడు. మూడోదానికి తనది ఒక్క ట్యాంకు కూడా పోకుండా గెలిచాడు. గదిలో వాళ్లు గోడలు చరిచారు. వీరస్వామి నా మీదికి తిరిగాడు.

"అక్క రంగులు మార్చి గెలిపిచ్చింది. గిది ఆట గాదు."

"నీకు నీలం కనవడుతలేదా?" అన్నాను.

"ఎందుకు కనవడది?"

"ఎరుపు?"

"కనవడుతది."

"ఇద్దరికి రెండు కనవడుతన్నయి. ఇన్నొద్దులు ఒక్కనికే కనవడ్డయి. ఏది ఆటనో నువ్వే చెప్పు వీరస్వామీ."

మల్లయ్య ఆ మాట పట్టుకున్నాడు. ఒక్కనికే కనబడడమేమిటని నన్ను అడిగాడు. నేను చెప్పకుండా యాకయ్య వైపు చూశాను. అతనే చెప్పాలి. చెప్పాడు, కడ్డీ మీంచి చెయ్యి తీయకుండా, నేల చూస్తూ. ఆ పెద్దాయన రుమాలు తీసి ముఖం తుడుచుకొని అడిగాడు.

"మరి మూడేండ్లు నాకు చెప్పకపోతివేందిరా?"

"మొదలే చెప్తే పిల్లనిస్తుంటిరా మామా?"

గది అంతా గొల్లుమంది. మల్లయ్య కూడా నవ్వాడు, నవ్వుతూనే అల్లుడి భుజం మీద చెయ్యి వేసి, ఆ చెయ్యి అట్లాగే ఉంచాడు. ఈ ఏడాది నుంచి తెంపే పని ఆడవాళ్లది, నీళ్లూ మోటరూ బండీ యాకయ్యవి అని అక్కడే అందరి ముందు చెప్పాడు. సొంతూరి మాట మళ్లీ ఎత్తలేదు. వీరస్వామి నాలుగో ఆట ఆడదామన్నాడు, అది కూడా ఓడాడు.

తర్వాత కళ్ల శిబిరానికి వచ్చిన డాక్టరును అడిగితే దీన్ని కలర్ బ్లైండ్ అంటారని, చాలా మందికి పుట్టుకతోనే ఉంటుందని, మందు లేదని చెప్పాడు. నేనైతే మందు ఉందనే అనుకుంటాను. పీకి మార్చిన రెండు వైర్లు.

దుకాణం ఉన్నన్నాళ్లూ ఆ వైర్లను వెనక్కి మార్చలేదు. ఇంకొకటి కూడా మారింది. అంతకుముందు ఎవరైనా ఓడిపోతుంటే కడ్డీ ఇట్లా పట్టు, గుండీ అట్లా నొక్కు అని చెయ్యి పట్టుకొని నేర్పేదాన్ని. ఆ తర్వాత ముందుగా పక్కన నిలబడి, నీకేం కనబడుతోందో చెప్పమని అడగడం మొదలుపెట్టాను. సగం మందికి నేర్పాల్సిన అవసరమే రాలేదు.

కాపు అయిపోయాక యాకయ్య భార్య రేణుక అతనితో కలిసి మానుకోట వచ్చింది, ఆ మెషిన్ ఎట్లా ఉంటుందో చూద్దామని. పెళ్లినాడు తాను పచ్చ చీరలో ఉంటే ఎర్రచీరలో బాగున్నావన్నాడట, ఎవరి చీర చూసి అన్నాడోనని నాలుగు రోజులు మాట్లాడలేదట. అది చెప్పి నవ్వింది. ఆ రోజు ఆమె కట్టుకొచ్చింది నీలం చీర. యాకయ్య గడపలోనే నిలబడి, ఎవరూ అడగకముందే నాతో అన్నాడు:

"నీలం చీరక్క. నేనే ఏరుకొచ్చిన."