హీరోకి దగ్గొచ్చిన ఫైటింగు సీను

పోయిన వారం బంగారుపేటలో మా కోడలు సెల్‌ఫోన్ తెచ్చి నా ముక్కు దగ్గర పెట్టింది. "అత్తా, ఇది చూడు, నవ్వి నవ్వి చస్తావు" అంది. చూశాను. ఎవడో కుర్రాడు ఫైటింగు సినిమా హీరోని వెక్కిరిస్తూ అరటిపండుతో పదిమందిని కొడుతున్నాడు. వాళ్లు గాల్లో గిరగిరా తిరిగి పేడకుప్పలో పడుతున్నారు. కోడలు పొట్ట పట్టుకుని నవ్వుతోంది. నాకు ఒళ్లు మండింది.

"ఏమత్తా, నవ్వు రాలేదా?"

"దీంట్లో ఎవురికి దెబ్బ తగిలిందే, నవ్వొచ్చేదానికి?" అన్నాను.

నాకు పిచ్చెక్కిందన్నట్టు చూసి లేచిపోయింది. పిచ్చేమీ లేదు. ఫైటింగు సినిమాలో హీరోకి దెబ్బ తగలదు. వాణ్ని వెక్కిరించేవాడికి కూడా తగలకపోతే ఇంక ఇద్దరికీ తేడా ఏముంది? వెక్కిరించేవాడికి పోయేది ఏదో ఒకటి ఉండాలి. అప్పుడే ఆ వెక్కిరింపు కూర్చుని చూడదగ్గది. అలాంటిది నేను నా బతుకులో ఒక్కటే చూశాను. అందులో హీరో మా నాయన.

నాయనది నంగలి పక్కన పల్లె. చేను గట్టు దగ్గర అన్నదమ్ములతో కొట్లాడి, వాళ్ల ముఖాన ఉమ్మేసి, కోలారు బంగారు గనులకొచ్చి అండర్‌గ్రౌండ్ పనిలో చేరాడు. నాకు ఊహ తెలిసేసరికి తెల్లదొరలు వెళ్లిపోయి గనులు సర్కారువయ్యాయి. బోర్డు మీద పేరు మారింది. రాయి అదే రాయి, దుమ్ము అదే దుమ్ము. మేం ఉండేది గనివాళ్ల లైన్లలో, ఒకే గోడకు వరసగా అతుక్కున్న ఇళ్లలో.

ఆ లైన్లలో మగవాళ్లకు ఫైటింగు సినిమా అంటే ప్రాణం. మెచ్చుకోవడానికి కాదు, తప్పులు పట్టడానికి. గనిలో రాతికి మందు పెట్టి పేల్చేటప్పుడు ఎన్ని పేలాయో లెక్కపెట్టడం వాళ్ల పని. ఒకటి తక్కువైతే పేలని మందు ఇంకా రాతిలోనే ఉందని అర్థం, ఎవడూ లోపలికి అడుగు పెట్టడు. అందుకని తెర మీద విలన్ బంగళా పేలుతుంటే నేలటిక్కెట్టు వాళ్లంతా గట్టిగా లెక్క పెట్టేవాళ్లు. లెక్క తగ్గిందా, "మిస్‌ఫైరు! లోపలికి పోవద్దురోయ్!" అని హీరోకి కేకలు. హీరో వింటాడా? పోతాడు. హీరోయిన్ని భుజాన వేసుకుని, క్రాపు చెదరకుండా బయటికొస్తాడు. అప్పుడు మా నాయన లేచి నిలబడేవాడు.

"దుమ్ము యాడరా? కొండంత ఇల్లు పేలితే దుమ్ము రాదా? వీనికి ముక్కు ఉండాదా లేదా?"

హాలంతా గొల్లుమనేది. ఆయన అరవని రోజు టిక్కెట్టు డబ్బులు దండగ అనుకునేవాళ్లు మా లైన్లో.

చిత్తూరు వైపు నుంచి వచ్చినవాళ్లు మూటా ముల్లెతో పాటు గంగమ్మ జాతరను కూడా వెంట తెచ్చుకున్నారు. ఆ జాతరలో వేషాలు కడతారు. వేషం కట్టినవాడు ఎవరిని ఎన్ని బూతులు తిట్టినా పట్టించుకోకూడదు. వాడు ఏడ్చినా ఆటే, కిందపడి దొర్లినా ఆటే. జాలిపడితే అమ్మవారికి కోపం వస్తుందనేవాళ్లు. ఒక ఏడు మా మామ, అంటే అమ్మ సొంత తమ్ముడు, ఈసారి ఫైటింగు సినిమా వేషం కడదామన్నాడు. తాను విలన్, మా నాయన హీరో. హాల్లో వెక్కిరించేది ఈయనే కాబట్టి ఇంకొకరి పేరు ఎవరి నోటా రాలేదు.

అమ్మ ముఖం పాలిపోయింది. ఎందుకంటే అప్పటికే నాయనకు దగ్గు మొదలై ఏడాది దాటింది. అది జలుబు దగ్గు కాదు. రాయి తొలిచేవాళ్ల రొమ్ములో దుమ్ము పేరుకుని వచ్చే దగ్గు. వచ్చిందంటే పోయేది కాదు. గని ఆసుపత్రి డాక్టరు చెవిన అది పడితే ఎక్స్‌రే తీయిస్తాడు. ఎక్స్‌రేలో మచ్చలు కనిపిస్తే అన్‌ఫిట్ అంటాడు. అన్‌ఫిట్ అయినవాడికి పని లేదు, పని లేనివాడికి లైన్లో ఇల్లు లేదు. ఇంక మేం నంగలికి పోయి ఆ అన్నదమ్ముల పశువుల కొట్టంలో చాప పరుచుకోవాలి.

"దానికన్నా గని షాఫ్టులో దూకేది మేలు" అనేవాడు నాయన.

అందుకని దాచాడు. బుగ్గన అల్లం ముక్క పెట్టుకునేవాడు. ఇంట్లో దగ్గు తన్నుకొస్తే దుప్పటి నోట్లో కుక్కుకునేవాడు. డాక్టరు లైన్ల వైపు వస్తున్నాడంటే చెంబు పట్టుకుని దిబ్బల వెనక్కి పోయేవాడు. కడుపు చించుకుంటే కాళ్ల మీద పడుతుందని అమ్మ తన తమ్ముడికి కూడా చెప్పలేదు. చెబితే ఇంకేముంది, మా మామ నోట్లో నువ్వుగింజ నానదు.

"ఎగిరి దుంకే యాషం నీకేలయ్యా? వద్దని చెప్పు" అంది అమ్మ.

"వద్దంటే, ఏమిటికి వద్దని అడుగుతారు. ఏం చెప్పేది?" అన్నాడు నాయన.

జాతర నాటి సాయంత్రం సైనైడ్ దిబ్బ కింద మైదానంలో బల్లలు వేసి స్టేజి కట్టారు. దొరలు పోయినా ముందు వరస కుర్చీలు పోలేదు. వాటి మధ్యలో, ప్రతి ఏడూ పిలిచినట్టే పిలిస్తే వచ్చిన డాక్టరు కూర్చున్నాడు. వెనక నేల మీద లైన్లన్నీ కూర్చున్నాయి. నాయన నల్లద్దాలు పెట్టుకుని, మెడకు ఎర్ర తువ్వాలు చుట్టుకుని, వెనక జేబులో దువ్వెన దోపుకుని స్టేజి ఎక్కాడు.

మొదట బాగానే నడిచింది. నాయన చెయ్యి ఎత్తేలోపే విలన్ మనుషులు నలుగురూ పడిపోయేవాళ్లు. "ఓయ్, నేనింగా కొట్టనే లేదు కదరా" అంటే, "కొట్టకపోయినా పడాల బావా, మా కూలి అట్లాటిది" అనేవాడు మామ. ప్రతి దెబ్బకీ నాయన తల దువ్వుకునేవాడు. జనం ఈలలు వేస్తున్నారు.

తర్వాత బాంబు సీను. "మా బావ హాల్లో దుమ్ము యాడ, దుమ్ము యాడ అని అరుస్తాడు కదా, ఈపొద్దు చూపిస్తా" అని మామ దానికి ప్రత్యేకంగా తయారై వచ్చాడు. ఇంకే ఊరివాడైనా పొగ కోసం బూడిదో రాగిపిండో తెస్తాడు. మావాడు గని మిల్లులో పనిచేసేవాడు, వాడి బుద్ధి వేరు. రాయిని పిండికన్నా మెత్తగా నూరి, సైనైడుతో బంగారం లాక్కుని పారబోసిన పొడే సైనైడ్ దిబ్బ. ఆ పొడి ఒక గోనెసంచి నిండా తెచ్చాడు. గాల్లో ఎంతసేపైనా నిలుస్తుందని! పరదా వెనక ఇద్దరు మనుషులు చేటలతో ఎగరేశారు. స్టేజి తెల్లబడిపోయింది. అందులోంచి నాయన తల దువ్వుకుంటూ, ఏమీ జరగనట్టు నడిచి రావాలి. అదీ ఆట.

నాయన వచ్చాడు. దువ్వెన తల దాకా లేచింది, అక్కడే ఆగిపోయింది. దగ్గొచ్చింది.

అది ఆగలేదు. నల్లద్దాలు ఊడి పడ్డాయి. ఆయన నడుము రెండుగా వంగిపోయింది. మామ ఒక్క క్షణం బిత్తరపోయాడు. కానీ వాడు పుట్టు వేషగాడు. స్టేజి మీద తాపీగా చతికిలబడి, చెక్కకత్తి ఒళ్లో పెట్టుకుని, "కానీ బావా, నీ దగ్గు అయినాకనే చంపుతా. నాకు తొందరేమీ లేదు" అన్నాడు.

మైదానం నవ్వుతో బద్దలైంది. నాయన కాస్త ఊపిరి అందగానే ఒక గుద్దు విసిరాడు. నలుగురూ పడ్డారు. మళ్లీ దగ్గు. పడ్డవాళ్లు లేచి, చేతులు కట్టుకుని, ఆయన కోసం ఎదురు చూశారు. మామ కత్తితో ఆయన ముఖానికి గాలి విసురుతూ, "హీరోని మార్చండప్పా, ఈయప్పకి గాలి అయిపోయినాది!" అని అరిచాడు. నాయన వంగినవాడు వంగినట్టే ముందు వరస వైపు చూశాడు. డాక్టరు కళ్లు తుడుచుకుంటూ, కుర్చీ చేతిని దబదబా కొడుతూ నవ్వుతున్నాడు. నాయన అది చూడటం నేను చూశాను. ఆ తర్వాత ఆయన దగ్గును ఆపుకోవాలని చూడలేదు. ఏడాదిగా దుప్పట్లో కుక్కిందంతా అక్కడ బయటికి తీశాడు.

చుట్టూ ఉన్న మగవాళ్లంతా గనిలో దిగేవాళ్లే. నవ్వితే వాళ్లకూ దగ్గొచ్చింది. మైదానంలో సగం మంది రొమ్ము పట్టుకుని దగ్గుతూ నవ్వుతున్నారు. ఎవరు నవ్వుతున్నారో, ఎవరు దగ్గుతున్నారో తెలియలేదు. "వన్స్ మోర్!" అన్నారు. నాయన వన్స్ మోర్ చేశాడు.

నేనూ నవ్వాను. అమ్మ నా తొడ మీద గట్టిగా గిల్లింది.

"నోరు ముయ్యే ముండా. మీ నాయన నిజంగా దగ్గుతా ఉండాడు."

"నాకు తెలుసు" అన్నాను. ఇంకా నవ్వుతూనే ఉన్నాను. దీనికి ఎవరినీ క్షమాపణ అడగను. అంత బాగున్న ఆట నేను మళ్లీ చూడలేదు. సినిమాలో దుమ్ములోంచి వచ్చిన హీరోకి ఊపిరితిత్తులు ఉండవు, మా నాయనకు ఉన్నాయి.

మర్నాడు డాక్టరు దారిలో నాయన భుజం తట్టి, తన కన్నడ యాసలో, "ఏనప్పా హీరో, ఆ దగ్గు ఒక సారి చూపించు" అన్నాడు. నాయన దగ్గాడు. డాక్టరు నవ్వుకుంటూ వెళ్లిపోయాడు. ఆరోజు నుంచి మా ఇంట్లో బుగ్గన అల్లం ముక్క లేదు, దుప్పటి కుక్కుకోవడం లేదు. నీళ్ల కొళాయి దగ్గర, గని గేటు దగ్గర, ఎక్కడ దగ్గినా జనం నవ్వి "వన్స్ మోర్" అనేవాళ్లు.

"చూసినావా, డాక్టరు ముందరే దగ్గినాను. గంగమ్మ తల్లి నాకు లైసెన్సు ఇచ్చినాది" అన్నాడు నాయన, పెళ్లికొడుకులా మురిసిపోతూ.

"జాతర అయిపోయినాది, యాషం ఇప్పి తలకి పోసుకున్నావు. ఇంగా నవ్వుతారేమయ్యా ఈ నాబట్టలు?" అంది అమ్మ.

పిల్లికి చెలగాటం, ఎలుకకు ప్రాణసంకటం అంటారు. మా ఇంట్లో ఎలుకే ఎక్కువ సంతోషంగా ఉండింది.

వానాకాలం వచ్చింది. ఒక సాయంత్రం షిఫ్టు దిగి వస్తూ నాయన కొళాయి దగ్గర మోకాళ్ల మీద కూలబడి దగ్గడం మొదలుపెట్టాడు. నేను అక్కడే బిందె పట్టుకుని వరసలో ఉన్నాను. ఆడవాళ్లు నవ్వారు. ఇళ్లలోంచి మగవాళ్లు వచ్చి చప్పట్లు కొట్టారు. మామ పరుగెత్తుకొచ్చి, దెబ్బ తగిలినట్టు ఆయన పక్కనే బురదలో వెల్లకిలా పడ్డాడు. నవ్వులు ఇంకా పెరిగాయి.

"నిజంగా దగ్గుతా ఉండాడప్పా! ఆటకాదు!" అని అరిచాను.

"పాప కూడా నేర్చుకున్నాదే" అన్నారెవరో.

నాయన ఒక చెయ్యి పైకెత్తాడు. ఆపమని ఎత్తాడో, గుద్దడానికి ఎత్తాడో ఈనాటికీ నాకు తెలియదు. ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే పక్కకు ఒరిగిపోయాడు. చప్పట్లు ఇంకాసేపు మోగాయి. మామ లేచి ఆయన్ని ఇవతలికి తిప్పి చూసి, "రేయ్, ఆపండ్రా" అన్నాడు. అది కూడా డైలాగే అనుకుని కొందరు నవ్వారు.

మంచం మీద ఆసుపత్రికి మోసుకెళ్లారు. తెల్లవారేసరికి ప్రాణం పోయింది. వరండాలో అమ్మ, మామ, మా లైను మొత్తం నిలబడి ఉంటే డాక్టరు బయటికొచ్చాడు. చెడ్డవాడేమీ కాదు. నిజంగానే బాధపడుతున్నాడు, ఆ బాధ కోపంగా మారి అమ్మ మీదికొచ్చింది.

"ఏనమ్మా నువ్వు, రొమ్మంతా రాయి అయిపోయినాది. ఇంత దగ్గు పెట్టుకొని ఒక్క సారి, ఒక్క సారైనా నాకు చూపించకూడదా ఆ మనిషి?"

అమ్మ అప్పటిదాకా ఏడవలేదు. తలెత్తి ఆయన ముఖంలోకి చూసింది.

"చూపించినాడు కదా సామీ. మీరు ముందర కుర్చీలో కూర్చోని చూస్తిరి."