పెదనాన్నగారికి నేను కట్టని తెర

మొన్న ఉదయం రామచంద్రపురం దగ్గరి మా ఊరి నుంచి పెదనాన్నగారు పోయారని కబురు వచ్చింది. ఇంట్లో అందరూ తలస్నానాలకు లేచారు. నేను మాత్రం కండువా వేసుకుని రీడింగు రూముకు వెళ్ళి, అక్కడున్న పత్రికలన్నీ తీరిగ్గా చదువుకున్నాను. బడి చదువు అంతంతమాత్రమైన నన్ను మనిషిని చేసింది ఆ గదిలోని పుస్తకాలే కనుక, మనసు భగ్గుమన్నప్పుడు ఇప్పటికీ నాకు అదే చోటు.

నా ఈడు వారికి రాజమహేంద్రవరంలో మా ఆసుపత్రి గుర్తుండే ఉంటుంది. మందు పోయించుకోవడానికి ఎవరి సీసా వారే తెచ్చుకునేవారు. మశూచికి టీకాలు, కంటి పొరలకు కత్తి, చలిజ్వరానికి చేదుమందు అన్నీ అక్కడే, కుర్రాళ్ళకు వైద్యం నేర్పడమూ అక్కడే. డాక్టరు దొరగారు మంచం పక్కన నిలబడి చెబుతుంటే విద్యార్థులు చుట్టూ మూగి చూసేవారు. మర్యాదస్తులు కోరితే మంచానికి అడ్డంగా తెర కట్టడం, పుళ్ళకు కట్లు కట్టే డ్రెస్సరుగా నా పనుల్లో ఒకటి. తెర ఉన్న మంచం దగ్గరికి దొరగారు ఒక్కరే వెళ్ళేవారు.

మా అక్క తొలికాన్పుకు పుట్టింటికి వచ్చింది. నాన్న లేరు, బావగారు ఇంకా రాలేదు, ఇంటికి పెద్ద పెదనాన్నగారే. నొప్పులు మొదలై మర్నాడైనా బిడ్డ అడ్డం తిరిగి రాలేదు, మంత్రసాని చేతులెత్తేసింది. ఇలాంటి కాన్పుల గురించి పుస్తకంలో చదివి ఉన్నాను, మా దొరగారు ఒడుపుగా బిడ్డను తీస్తారనీ తెలుసు. కాలువ రేవులో పడవ సిద్ధం చేసి వచ్చి బతిమాలాను.

"కుర్రకుంకలంతా చుట్టూ చేరి చూస్తారంటగా! మనింటి ఆడపిల్లని అక్కడ పడుకోబెడతానంటావేంట్రా?"

"తెర కడతానండి పెదనాన్నగారూ. నేనే కడతానండి."

"నాలుగు పుస్తకాలు చదివి నాకు పరువు నేర్పుతావా? పో, ఆ పడవ పంపించెయ్."

గదిలోంచి అక్క అంతా వింటూనే ఉంది. "నాకేం సిగ్గు లేదండీ పెదనాన్నా, నన్ను తీసుకెళ్ళనివ్వండీ" అని అరిచింది. దీపాలు పెట్టే వేళకు ఆ గొంతు ఆగిపోయింది.

కొన్నేళ్ళకు అదే పెదనాన్నగారు వరిబీజం బరువుకు పంచె నిలవక, అడుగు పడక, అదే కాలువ మీద పడవలో మా ఆసుపత్రికే వచ్చారు. నీరు తీయాలన్నారు దొరగారు. ఆయన నా చెయ్యి పట్టుకుని తెర అడిగారు. తెరలన్నీ చాకలికి వెళ్ళాయండి అన్నాను. ఉతికిన తెరలు పక్క గదిలో మడతలు పెట్టి ఉన్నాయి. విద్యార్థులందరినీ కేకేసి పిలిచి, వెనక నిలబడ్డవాళ్ళను ముందుకు జరిపాను.

"ఒరే అబ్బాయ్, వీళ్ళని పంపెయ్యరా. నీకు పుణ్యముంటుంది."

"చూడకపోతే వాళ్ళకెలా వస్తుందండి? కాస్త కాలు ఇటు జరపండి."

ఒక కుర్రాడు అనుమానం అడిగితే దొరగారు మళ్ళీ మొదటి నుంచి వివరించారు. పెదనాన్నగారు కండువా మొహాన కప్పుకున్నారు. దాని కింద ఏడుస్తున్నారని నాకు తెలుసు. ఆ రోజు కంటినిండా నిద్రపోయాను. ఇప్పటికీ తలుచుకుంటే హాయిగానే ఉంటుంది.

తర్వాత ఆయన మారారన్నది నిజం. మనవరాలికి నొప్పులు మొదలవగానే, ఎవరూ చెప్పకుండానే పడవ కట్టించి తీసుకొచ్చారు. ఆ పిల్ల మంచానికి తెర నేనే కట్టాను, తల్లీబిడ్డా క్షేమంగా ఇంటికి వెళ్ళారు. బయలుదేరే ముందు ఆయన నా ఎదుట నిలబడి ఏదో అనబోయారు. నేను ఇంకో రోగికి కట్టు మార్చాలని వెళ్ళిపోయాను.

ఇప్పుడు పురుళ్ళకు వేరే గది వచ్చింది, పని నేర్చుకునే ఆడపిల్లలూ వచ్చారు, పల్లెల నుంచి గర్భిణులు తమంతట తామే పడవలు దిగుతున్నారు. కాలం ఎంత మారిందోనని అందరూ మెచ్చుకుంటే నేనూ తలూపుతాను. మా అక్కనూ అలా చెయ్యి పట్టి రేవులో దించుకునేవాణ్ణి కదా అనిపిస్తుంది. పెదనాన్నగారు ఆ రోజు అనబోయిన మాట విననందుకు మాత్రం నాకు విచారం లేదు. ఆ మాట వినవలసింది మా అక్క.