దిష్టి తీసిన మిరపకాయలు

కోసిగి దగ్గర పల్లెలో హనుమంతమ్మ అంటే నలభై మంది ఆడవాళ్లను గుంటూరు మిరప కోతలకు వెంటేసుకుపోయే మనిషి. నోరు పెద్దదే గానీ, మొగుడు అయ్యన్న అంటే ప్రాణం. ఆ మొగుణ్ణే టీవీవాళ్లు ఆమెకు కాకుండా చేశారు.

ఈ ఏడు వలస పోవాలా వద్దా అని మొగుడూ పెళ్లాం కీచులాడుకుంటుంటే, మా కార్యక్రమంలో పంచాయితీ తీరుస్తామని వేణుగోపాల్ అనేవాడు హైదరాబాదు తీసుకుపోయాడు. తీరా కెమెరా ముందు కూర్చోబెట్టి, "మీ ఆయనకు ఇంకొకత్తె ఉందని ఏడుస్తూ చెప్పమ్మా. ఊరికే అను, తర్వాత తీసేస్తాం" అన్నాడు. ఈ పిచ్చిది నమ్మి అనేసింది. ఒక్క ముక్క తీస్తే ఒట్టు! ఊళ్లో ఏ ఫోను చూసినా అదే. చిన్నా పెద్దా "యాడుండాదప్పా ఆయమ్మ?" అని నవ్వుతుంటే, అయ్యన్న తలెత్తుకోలేక బెంగళూరు పోయాడు. ఏడు నెలలైనా తిరిగి రాలేదు. అది అబద్ధమని హనుమంతమ్మ మొత్తుకున్నా ఎవరూ నమ్మలేదు. అన్నది తన నోటితోనే కదా!

అలాంటిది, మళ్లీ వచ్చాడండీ ఆ పెద్దమనిషి! మొగుడి కోసం ఏడ్చే పెళ్లాన్ని చూపిస్తాడట. కెమెరా తనే మోసుకొచ్చాడు. సిగ్గూ శరం ఉండాలి.

హనుమంతమ్మ పైకి మాత్రం నవ్వి, "రాప్పా. ముందు నీకు దిష్టి తీయాల, మా ఇంటి పద్ధతి" అంది. వాడు మురిసిపోయాడు. కెమెరాలో పొగ బాగా కనపడుతుందని తలుపూ కిటికీ వాడే మూశాడు.

దిష్టికి ఏడు మిరపకాయలు చాలు. ఆమె చేటెడు తిప్పి నిప్పుల్లో పోసి, ముక్కుకు కొంగు కట్టుకుని తలుపుకు అడ్డంగా కూర్చుంది. ఒళ్లో ముందే కలిపి పెట్టిన ఫోను, అవతల అయ్యన్న.

"ఘాటొచ్చిందంటే నీకు దిష్టి లేనట్టేలేప్పా!"

"తలుపు తియ్యి తల్లీ, చచ్చిపోతున్నా!"

"నన్ను బాగా ఏడువమంటివే, ఇప్పుడు నువ్వు ఏడువు. ఆ మాట నాతో ఎవరు చెప్పించినారు?"

"నేనే! నేనే చెప్పించా! ఇంకొకత్తె లేదు, ఎవరూ లేరు!"

"ఇన్న్యావా?" అని ఆమె దగ్గుతూ ఫోనులో అడిగింది.

అయ్యన్న గొంతు వినిపించింది. "నేనింటే ఏమొస్తాదే? ఊరు ఇన్న్యాదా?"

హనుమంతమ్మ తలుపు బార్లా తీసి, వేణుగోపాల్‌ను కాలరు పట్టుకుని నడివీధిలోకి ఈడ్చుకొచ్చింది. జనం మూగారు. ఫోను వాడి నోటి ముందు పెట్టింది.

"ఇంగోసారి చెప్పు. గట్టిగా చెప్పు. నా మొగుడు బస్సెక్కాల."