దివాకరం మాస్టారి తర్కపీఠం

దివాకరం మాస్టారి కోపం ముందు చెవులకెక్కుతుంది. ఆ తర్వాతే చేతిలో సుద్దముక్క విరుగుతుంది. మైత్రీవనం వెనక ఇరుకు గదిలో, సాఫ్ట్‌వేర్ కంపెనీల పరీక్షలకెళ్లే పిల్లలకు రీజనింగ్ చెబుతాడాయన. పాఠం మాత్రం తాను కల్పించిన మేఘద్వీపమనే ఊహాలోకంలో నడుస్తుంది. అక్కడి తర్కపీఠానికి ఒకటే నియమం, ఈ గదిలోనూ అదే: ఎదుటివాడి మాటను వాడు ఒప్పుకునేలా తిరిగి చెప్పాకే జవాబివ్వాలి. చెప్పలేని గురువు దిగొచ్చి శిష్యుల బల్లమీద కూర్చోవాలి.

ఆవేళ పింకీ అనే శిష్యురాలు లేచి సందేహం అడుగుతుంటే సగంలోనే విరుచుకుపడ్డాడు. "బుర్ర ఇంట్లో పెట్టొచ్చావా? ప్రశ్నలో రెండో వాక్యం చదువు!"

పింకీ కూర్చోలేదు. "సార్, నేనేమడిగిన్నో జర చెప్పుండ్రి."

"నువ్వడిగింది... ఆ రెండో వాక్యం..." అంటూ తడుముకున్నాడాయన. చెవులు ఎర్రబడ్డాయి, సుద్దముక్క విరిగింది. విసవిసా దిగొచ్చి, ఆ పిల్ల బల్లమీదే కూలబడి అరిచాడు:

"పో, బోర్డు దగ్గర నిలబడి అడుగు! ఈసారి వింటాను!"